పోశవ్వకు మొక్కిన పుంజు

అఖిలేషూ, నేను నిజామాబాద్ దవాఖానకు పోతున్న, మీ అక్క కాడనే ఉంట. నువ్వు తెచ్చిన కొత్త పుంజును గంప కింద పెట్టి పైన రాయి పెట్టిన. ఎనిమిది రోజులు గంప తియ్యకు. నూకలు, నీళ్లు అండ్లనే పెట్టు. పెట్టలు సుట్టు తిరిగి సూసుకుంట దానికి అలవాటు పడాలె. గీ మాట మొన్ననే చెప్పిన. వర్ని కాడి ఆంధ్రోళ్ల క్యాంపుల కొన్న పందెం పుంజు, తెచ్చిన పూటనే గూట్ల వదిలితె పాతదాన్ని పొడవక ఊకుంటదా?

పాత పుంజు వడ్ల బస్తాల ఎనుక నక్కి కూసున్నది. ఒక కన్ను పోయింది. పసుపు అద్దిన, మాపటికి నువ్వు మళ్ల అద్దు.

పాతది మొక్కుకు పోతె పెట్టలకు పుంజు ఉండదనే నువ్వు కొత్తది తెచ్చినవు, నాకెరుకే. గని అక్క కొడుకు గాజు పెట్టెలకెళ్లి బయటికొస్తె ఇస్తనని పోశవ్వ తల్లికి మొక్కిన పుంజురా ఆ పాతది. పుట్టి ఇరవై రోజులాయె, వాడింక పాలు తాగుతలేడు.

గిన్నెల అన్నమున్నది, తిను.

అక్క ఫోన్ చేసి అడిగితె పుంజు మంచిగున్నదని చెప్పు. కన్ను పోయినదాన్ని పోశవ్వ తీసుకోదని అక్కకు ఎరుకే.

– అమ్మ