వెలివేసినవాడితో పరుగు

డబ్లిన్,
మార్చి 6, 1949.

కొలమ్ అన్నయ్యకి,

ఈ ఉత్తరాన్ని పొయ్యిలో పడేసేముందు సగమైనా చదువు. మిగతా సగం అమ్మ చదివి వినిపిస్తుందిలే, నువ్వు చెవులు మూసుకున్నా సరే.

నన్ను ఐర్లండ్ జట్టులోకి తీసుకున్నారు. ఈ నెలాఖరు శనివారం ఇక్కడి గుర్రప్పందేల మైదానంలో దేశదేశాలవాళ్లు కలిసే పరుగుపందెం. ఫ్రాన్సు, బెల్జియం, ఇంగ్లండు, వేల్సు, స్కాట్లండు అందరూ వస్తున్నారు. ఒక్కో దేశానికి తొమ్మిదిమందిమి పరుగెత్తుతాం. ముందొచ్చిన ఆరుగురి స్థానాలే లెక్కలోకి వస్తాయి. యుద్ధం అయిపోయాక మన గడ్డ మీద ఇంత పెద్ద పందెం ఇదే అంటున్నారు.

ఇది నీకు తీపి కబురు కాదని నాకు తెలుసు. ఇంగ్లీషువాడు ఐర్లండ్‌ని రెండు ముక్కలు చేస్తూ గీసిన సరిహద్దుని మన క్లబ్బు ఉన్న సంఘం ఒప్పుకోదు. ఒప్పుకోదు కాబట్టి ఆ సంఘంవాళ్లని బయటి దేశాల పందేలకి రానివ్వరు. దేశం చొక్కా వేసుకోవాలంటే రెండో సంఘంలో చేరాలి, నేను చేరాను. మన క్లబ్బు కుర్రాళ్లలో సగంమంది ఇళ్లు గీతకి అవతల ఉన్నాయనీ, మనం అటు చేరితే వాళ్లు మనవాళ్లు కాకుండా పోతారనీ నువ్వు చెప్పినప్పుడు నేను కాదనలేదు. ఇప్పటికీ కాదనను. కానీ నాకు ఇరవయ్యారేళ్లు వచ్చేశాయన్నయ్యా. ఆ గీత చెరిగేదాకా నా కాళ్లు ఆగవు.

నన్ను వెలివేస్తూ వచ్చిన ఉత్తరం కింద కార్యదర్శిగా నీ సంతకం ఉంది. దానికి నేను ఏడవలేదు. నాన్న పెట్టిన క్లబ్బు, నీ చేతిలో ఉంది, రాయక తప్పదు. నా గుండె కోసింది వేరే. క్రిస్మస్‌కి ఇంటికొచ్చినప్పుడు, "చిత్తడినేల దారిలో అలా పరుగెత్తొద్దాం, రా" అని పిలిచాను. నువ్వు బూట్లు కూడా వేసుకున్నావు. గుమ్మం దాకా వచ్చి, "ఎవరైనా చూస్తే పందెం కింద కట్టేస్తారురా, వద్దు" అని మళ్లీ విప్పేశావు. వెలివేసినవాడితో కలిసి పందెంలో పరుగెత్తినవాడికీ వెలేనని రూలు. ప్రాక్టీసుకి ఆ రూలు లేదు. అది నాకంటే నీకే బాగా తెలుసు. వరసగా నాలుగేళ్లు రెండోవాడిగా వచ్చావు. ఈసారి మీ సంఘం కప్పు నీదేనని ఊరంతా అంటోంది, ఏ చిన్న మచ్చా పడకూడదనుకున్నావు. అర్థమైంది. అయినా అంటురోగం వచ్చినవాణ్ణి చూసినట్టు చూశావు నన్ను. ఆ చూపు ఇప్పటికీ మింగుడుపడటం లేదు.

ఒక్కటే అడుగుతున్నాను. ఆ శనివారం రా. చూడటానికి ఏ రూలూ అడ్డురాదు.

నీ తమ్ముడు,
ఫెలిమ్.

* * *

డబ్లిన్,
మార్చి 28.

అన్నయ్యా,

నువ్వు రాలేదు. ఆవు ఈనుతోందని అమ్మ చేత కార్డు రాయించావు. సరే, ఆవుకి మనమేం చెబుతాం.

పచ్చ చొక్కా తొడుక్కుని వరసలో నిలబడ్డాను. కంచె పొడుగునా జనం. నీ టోపీలాంటి టోపీ ఎక్కడ కనిపించినా మెడ తిప్పి చూశాను. ఆ తర్వాత తుపాకీ పేలింది, ఇక చూడటానికి ఏమీ లేదు, అంతా బురదే. దున్నిన నేల మీద కాలు పెడితే బూటు ఊడొచ్చేలా ఉంది. ఫ్రాన్సువాళ్లు మాత్రం అదేదో రాజబాట అన్నట్టు పోయారు.

చివరి చుట్టుకి మా జట్టులో ఆరోవాణ్ణి నేనే. నా వెనకవాళ్లు లెక్కలోకి రారు, నా వంతు స్థానం నేనే కాపాడాలి. అప్పుడు చేశాను ఆ పని. మలుపులో కంచెని ఆనుకుని తిరగాలి కదా, నేను బయటికి జరిగి లోపలివైపు మనిషి పట్టేంత చోటు వదిలాను. చిన్నప్పటినుంచీ ఆ వైపు పరుగెత్తేది నువ్వు. నాకు తెలియకుండానే నా కాళ్లు నీకు దారిచ్చాయి. ఆ సందులోంచి బెల్జియంవాడొకడు దూరిపోయాడు. వాడి వెనకే ఇంకొకడు. మళ్లీ వాళ్లని అందుకోలేకపోయాను.

తర్వాత మా జట్టులో ఫిన్‌బార్ అని ఒకడున్నాడు, వాడు టీ తాగుతూ, "ఎవరికిరా బాబూ అంత మర్యాదగా దారిచ్చావు? బిషప్పుగారు గానీ వెనకాల వస్తున్నారా?" అన్నాడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. నవ్వుతూనే తువ్వాలు ముఖానికి అడ్డం పెట్టుకుని ఏడ్చాను. చెమట అనుకున్నారు.

పక్కన నువ్వు లేకుండా పరుగెత్తడం నావల్ల కాదని తేలిపోయింది. నువ్వా, పక్కన ఉండవు. ఇక దేనికి? బూట్లు ఫిన్‌బార్‌కి ఇచ్చేస్తాను. ఈస్టర్‌కి ఇంటికి రాను. ఇక్కడ నేను తోలే రొట్టెల బండికి వేరే మనిషి దొరకలేదని అమ్మకి చెప్పు.

ఫెలిమ్.

* * *

డ్రమ్‌లీ, మోనహన్,
ఏప్రిల్ 10.

ఒరే ఫెలిమ్,

ఏ ఆవూ ఈనలేదు. అమ్మ చేత అబద్ధం రాయించాను. ఆవిడ వెళ్లి ఫాదర్ దగ్గర ఆ పాపం ఒప్పుకుని వచ్చి, వారంరోజులు నాకు చల్లారిన టీ పోసింది.

నీ రెండో ఉత్తరం ఆవిడే పైకి చదివింది. నేను బంగాళాదుంపల తొక్క తీస్తున్నాను. మలుపు సంగతి దగ్గర చదవడం ఆపి, "ఇంగ్లీషువాడు పొలం అవతల గీత గీశాడు. నువ్వు నా వంటింట్లో గీశావు కదరా, కొలమ్" అంది. దుంప చేతిలో పట్టుకుని అలాగే కూర్చుండిపోయాను.

నువ్వు రెండో సంఘంలో చేరడం నాకు ఇప్పటికీ నచ్చలేదు. దానిమీద నీతో ముసలాణ్ణయ్యేదాకా పోట్లాడతాను. కానీ క్రిస్మస్ నాడు బూట్లు విప్పింది ఆ నమ్మకం కోసం కాదు, కప్పు కోసం. అది నీకూ తెలుసు, నాకూ తెలుసు. సిగ్గుగా ఉందిరా.

నిన్న క్లబ్బువాళ్లని కూర్చోబెట్టాను. ఈస్టర్ సోమవారం మన ఊరి పందేలు కదా, వాటికంటే ముందు ఇంకోటి పెట్టాం. నాలుగు మైళ్లు. పేర్లు రెండే, నీదీ నాదీ. తుపాకీ పేల్చేవాడు ఉంటాడు, గడియారం పట్టుకునేవాడు ఉంటాడు, గెలిచినవాడికి కప్పు ఉంటుంది. అంతా పద్ధతి ప్రకారమే. ఏ కమిటీ వచ్చి చూసినా దాన్ని ప్రాక్టీసు అనడానికి వీల్లేదు. కుర్రాళ్లెవరూ అందులో లేరు, కాబట్టి వాళ్లకి మచ్చ అంటదు. అంటేది నాకొక్కడికే.

ముసలి పీదర్ లేచి, "కొరివితో తల గోక్కుంటున్నావురోయ్. ఆ పై ఆదివారమేగా సంఘం కప్పు పందెం?" అన్నాడు. నిజమే. ఇక అందులో నన్ను నిలబడనివ్వరు. బాధ లేదని రాస్తే ఈసారి ఫాదర్ దగ్గరికి నేనే వెళ్లాల్సి వస్తుంది.

ఆ సాయంత్రమే నన్ను వెలివేస్తూ ఉత్తరం రాయాలి. కార్యదర్శిని నేనే కాబట్టి నాకు నేనే రాసుకుని, నేనే సంతకం పెట్టుకుంటాను. నీకు రాసినదానికంటే కాస్త మర్యాదగా రాసుకుంటానేమో చూడాలి.

బూట్లు ఆ ఫిన్‌బార్ దగ్గరనుంచి వెనక్కి తీసుకో. శనివారం బస్సుకి రా. అమ్మ నీ పక్క వేయించింది, ఉప్పేసిన పందిమాంసం ఎవర్నీ ముట్టుకోనివ్వట్లేదు.

ఒకటి మాత్రం ముందే చెబుతున్నాను. అన్నయ్య సంఘం కప్పు పోగొట్టుకున్నాడు పాపం అని జాలిపడి చివర్లో నాకోసం ఒక్క అడుగు తగ్గించావో, అప్పుడు నిజంగానే నీతో జన్మలో మాట్లాడను.

నీ అన్నయ్య,
కొలమ్.