పదిహేనో నవ్వు గురించి ఎస్తేర్‌రాణి వీలునామా

యానాం మెట్టకూరులో కాపురముంటున్న ఇస్సాకు గారి కుమార్తె ఎస్తేర్‌రాణి అనే నేను, వయసు పంతొమ్మిది, బి.ఎ. తెలుగు రెండో సంవత్సరం, ఎవరి బలవంతమూ లేకుండా నా సొంత దస్తూరీతో రాసుకుంటున్న వీలునామా ఇది. వచ్చే సోమవారం పుదుచ్చేరి ఆసుపత్రిలో నా గుండెకున్న రంధ్రం మూస్తారు. భయం లేదన్నారు డాక్టరు గారు. భయం లేదంటూనే, ఏం జరిగినా మాదే బాధ్యతని నా చేతా నాన్న చేతా సంతకాలు పెట్టించుకున్నారు.

“స్వస్థచిత్తంతో” అని మొదలుపెట్టమని మా వీధిలోని దస్తావేజు లేఖరి ఉమామహేశ్వరం గారు చెప్పారు. మాట చాలా బావుంది. కానీ మూడు వారాలుగా నా చిత్తం అయోమయంగా ఉంది. అబద్ధం రాయొచ్చా అని అడిగాను. “అయోమయం వేరు, మతి లేకపోవడం వేరమ్మాయ్. అన్నీ తెలిసినోడికి వీలునామా దేనికి?” అన్నారు. కనుక స్వస్థచిత్తంతోనే, అయోమయంగా రాస్తున్నాను. దీన్ని అమలు జరిపే బాధ్యత ఆయనదే.

1. నాకు స్థిరాస్తి లేదు. చరాస్తుల్లో నిజంగా కదిలేది సైకిలు ఒక్కటే. అది మా పిన్ని కూతురు జాస్మిన్‌కు. వెనక బ్రేకు పడదు. పోయినేడు దాన్ని కాలవలో పడేసింది జాస్మినేనని నేను ఇంట్లో చెప్పలేదు. ఇక మీదటా చెప్పను.

2. నచ్చిన మాటలు రాసుకున్న నోటుబుక్కు నాన్నకు. మొత్తం 612 మాటలు. వల వేసి వచ్చాక నాన్న నోట విన్న ఆటు, పోటు, ఏరు సముద్రంలో కలిసేచోటును అనే మొగ లాంటివి చివరి పేజీల్లో ఉన్నాయి. “ఇయ్యి కూడా మాటలేనేటే?” అని నవ్వేవాడు. అవే అన్నిటికన్నా మంచివి నాన్నా.

3. డీవీడీ ప్లేయరు మా నాయనమ్మ మరియమ్మకు. దానిలో ఆమె చూసేది ఒకటే సినిమా, “అనుమతి లేని నవ్వు”. నేను పుట్టకముందు వచ్చి, వారం ఆడి వెళ్లిపోయిందట. అందులో ప్రభుత్వానికి నవ్వుల శాఖ ఉంటుంది. నవ్వాలనుకున్నవాడు కారణం చూపించి మూడు రోజుల ముందే దరఖాస్తు పెట్టుకోవాలి. ఒక గుమాస్తాకు ఆఫీసులోనే నవ్వొస్తుంది. అది నవ్వు కాదు, దగ్గేనని రుజువు చేసుకోవడానికి సినిమా అంతా తిరుగుతాడు.

నాయనమ్మ ప్రతి నవంబరులో పింఛను కోసం తాను బతికే ఉన్నానని కాగితం ఇచ్చి వచ్చి, ఈ సినిమా పెట్టమంటుంది. “ఎప్పుడో తీసేరంటే నమ్మనే. మొన్న తీసుంటారు” అంటుంది. ఈ నెలలో నా ఆసుపత్రి ఫారం ఫోనులో నింపుతుంటే, పిన్‌కోడు కొట్టగానే రాష్ట్రం ఆంధ్రప్రదేశ్ అని దానంతటదే పడింది. యానాం పుదుచ్చేరిది కదా అని మారిస్తే చిరునామా తప్పంది. నాకు ఏడుపొచ్చింది. నాయనమ్మ ఆ గుమాస్తాను చూసి నవ్వినట్టే నవ్వింది. ఇద్దరిలో ఎవరిది సరైన పద్ధతో ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను.

4. ఆ సినిమా డిస్కు, అడవిపొలంలో ఉండే నా స్నేహితురాలు సాయిదివ్యకు. ఎందుకో వివరంగా రాయాలి.

మూడు వారాల క్రితం మా కాలేజీలో ఈ సినిమా వేయడానికి అనుమతి అడిగాను. ప్రేక్షకులు ఎక్కడెక్కడ నవ్వే అవకాశముందో ముందుగా రాసి ఇమ్మన్నారు కార్యక్రమాల కమిటీ వాళ్లు. నేను సినిమా మూడుసార్లు చూసి, నిమిషాలతో సహా పద్నాలుగు చోట్లు గుర్తించి, స్కేలుతో గీతలు గీసి పట్టిక ఇచ్చాను. ఏ సినిమా కోసం ఏ పట్టిక గీస్తున్నానో నాకు తట్టనేలేదు. నమ్మేవాళ్లు నమ్మండి.

సినిమా వేసిన రోజు అరగంట దాకా ఎవరూ నవ్వలేదు. ఫస్టియర్ నవీన్ నా వైపు వంగి, “ఆ దరఖాస్తు ఫోన్లో పెట్టుకోవచ్చాండీ?” అని అడిగాడు. వేళాకోళం కాదు, నిజంగానే అడిగాడు. నలభై ఒకటో నిమిషంలో డిస్కు ఇరుక్కుంది. తెర మీద అధికారి “నవ్వరాదు, నవ్వరాదు, నవ్వరాదు” అంటూ ఉండిపోయాడు. సరిగ్గా అప్పుడే కమిటీ మేడమ్ లేచి “సైలెన్స్!” అన్నారు. సాయిదివ్య నవ్వింది. ఆమెది లాంచీ ఇంజను లాంటి నవ్వు. ఆ వెనకే హాలంతా నవ్వింది.

పట్టికలో లేని ఆ పదిహేనో నవ్వు ఎవరు మొదలుపెట్టారో రాసివ్వమన్నారు. ప్రశ్న అడిగారు, జవాబు నాకు తెలుసు, రాశాను. చిన్నప్పటి నుంచీ నాకున్న అలవాటు అదే. వార్షికోత్సవ నాటకంలో సాయిదివ్య పాత్ర తీసేశారు. క్షమాపణ రాస్తే ఇస్తామన్నారు. “నవ్వొచ్చింది, నవ్వేను. దానికి కాయితం ఏటండీ?” అని వచ్చేసింది. గేటు దగ్గర నన్ను ఆపి, “పాతికసార్లు చూసేవు కదే ఆ సినిమా. ఏం చూసేవే?” అంది. ఆ తర్వాత నాతో మాట్లాడలేదు.

సినిమాలో గుమాస్తా పేరు రాసిచ్చేది అతని పక్క బల్ల మిత్రుడే. అతనిది కూడా చక్కటి దస్తూరీ. ఆ సీను దగ్గర నేను ఎప్పుడూ నవ్వేదాన్ని. నా పట్టికలో అది తొమ్మిదోది.

5. సాయిదివ్య పేరు రాసిచ్చినందుకు సిగ్గుపడుతున్నాననీ, ఆ కాగితం వెనక్కి తీసుకుంటున్నాననీ కాలేజీకి ఉత్తరం రాశాను. నా తదనంతరం ఉమామహేశ్వరం గారు దాన్ని అందజేయాలి.

ఈ ఐదో అంశం కొట్టివేయడమైనది. చదివి ఆయన కళ్లజోడు తీసేశారు. “పోయాక పంపే క్షమాపణ ఏం క్షమాపణమ్మా? బస్సు రేపు కదా. కాలేజీ ఇయ్యాళ తెరిచే ఉంది” అన్నారు. మధ్యాహ్నం వెళ్లి నేనే ఇచ్చాను. తీసుకుని, రసీదు ఇచ్చారు. పాత్ర తిరిగి ఇస్తారో లేదో చెప్పలేదు.

సంతకాల వేళ చేర్చినది: సాక్షులుగా పొరుగింటి చిట్టెమ్మ గారినీ మరియదాసు మావయ్యనీ అనుకున్నాం. సాక్షికి ఆస్తి రాస్తే చెల్లదట, అందుకే వాళ్లకేమీ రాయలేదు, మన్నించాలి. మావయ్య చేపల వేటకెళ్లి రాలేదు. ఆయన కోసం చూస్తుండగా సాయిదివ్య వచ్చింది. ఉత్తరం సంగతి కాలేజీలో విందట. ఈ వీలునామా లాక్కుని నిలబడే చదివింది. “రెండో సాక్షిని నేను” అంది. అలాగైతే డిస్కు నీకు రాదమ్మా అని ఉమామహేశ్వరం గారు హెచ్చరించారు. “నాకొద్దండి ఆయ్. ఇదే ఆపరేషనై తిరిగొచ్చి సినిమా ఏస్తది. పట్టిక లేకుండా ఏస్తది” అని కలం తీసుకుంది.

కనుక నాలుగో అంశం చెల్లదు. డిస్కు నా దగ్గరే ఉంటుంది. ఆమె నన్ను క్షమించిందో లేదో అడగలేదు. సంతకం చేస్తూ నవ్వింది. అందుకే కింద ఆమె పేరులో చివరి అక్షరం గీత దాటింది.

యానాం, 12 నవంబరు 2025, బుధవారం.

(సంతకం) ఎస్తేర్‌రాణి

సాక్షులు:
చిట్టెమ్మ, మెట్టకూరు
సాయిదివ్య, అడవిపొలం