ప్రతి వాక్యానికీ ‘హై’

నాచారం, జూన్ 2006
అక్కకు నమస్కారాలు. ఇక్కడ క్షేమమే, కాళ్లే నేలమీద ఆనడం లేదు.
ఫోన్‌లో నువ్వు నాకు మాట్లాడే వంతు ఇవ్వవు కనుక రాస్తున్నాను. మా నాచారం స్టూడియోకు జపాన్ నుంచి కురిహారా అనే సినిమా రచయిత వచ్చాడు. నిర్మాత కూడా ఆయనే. ఇక్కడి కథ ఒకటి కావాలట. మన నిర్మాతలందరినీ నిద్రపుచ్చిన నా రాజుల కథ ఇంగ్లీషులో వినిపించాను. ప్రతి వాక్యానికీ తలూపి “హై! హై!” అన్నాడు. జపాన్ భాషలో ‘అవును’ అనే కదా! వెంటనే ట్యుటోరియల్‌లో తెలుగు మాస్టరు ఉద్యోగానికి రాజీనామా ఇచ్చేశాను.
నీ తమ్ముడు, హృషికేశ్
తా.క. నేను వెళ్లిపోతున్నానంటే పిల్లలు చప్పట్లు కొట్టారు. ఎంత అభిమానమో!

మేడిపల్లి
తమ్మీ, సల్లంగుండు.
నీ ఉత్తరం మేడిపల్లంత సదివి వినిపించిన. “జపాన్ సినిమాల హీరో ఎవరు?” అని పక్కింటి హైమావతి అడిగింది. “మా తమ్ముడే” అన్న. నోట్లెకెళ్లి అట్ల వచ్చేసింది. ఇగ ఆయితారం అందరం బస్సు మాట్లాడుకొని నీకు సన్మానం జెయ్య వస్తున్నం. ఫికర్ జెయ్యకు.
మీ అక్క, సూర్యకళ
తా.క. గప్పటిదాంక పొట్ట జర తగ్గించు.

నాచారం
అక్కా, నీ కాళ్లకు మొక్కుతాను, బస్సు ఆపు.
ఈరోజు కురిహారాకు దుబాసీగా స్నిగ్ధ అనే అమ్మాయి వచ్చింది. “హై అంటే ‘వింటున్న, చెప్పుండ్రి’ అని గూడ సార్. మీరు ఒప్పుకున్నడు అనుకున్రా?” అంది. కథ నచ్చిందో లేదో అడగమన్నాను. కురిహారా చాలాసేపు, ఎంతో మర్యాదగా మాట్లాడాడు. స్నిగ్ధ ఒక్క ముక్కలో తేల్చింది: “నచ్చలేదంట సార్.”
ట్యుటోరియల్‌కు పరుగెత్తాను. నా కుర్చీలో కొత్త మాస్టరు కూర్చుని ఉన్నాడు.
హీరో కాని నీ తమ్ముడు, హృషికేశ్
తా.క. ఆయన్ని చూసి కూడా పిల్లలు చప్పట్లు కొట్టారట. ఇవి వేరే చప్పట్లు.

నాచారం
అక్కకు, బస్సులో వచ్చిన వాళ్లందరికీ నమస్కారాలు.
నా ఉత్తరం చేరేలోపే మీరు దిగిపోయారు. నువ్వు దండ కురిహారా మెడలో వేసి, “మా తమ్ముడు నౌకరి ఇడిసిపెట్టిండు. సినిమా తియ్యకుంటే ఎట్ల?” అని నిలదీస్తుంటే నేను లైట్ల వెనక దాక్కున్నాను. ఆయన “హై” అన్నాడు. మీ బస్సంతా ఈలలు వేసింది.
మీరు వెళ్లాక నన్ను పిలిపించాడు. స్నిగ్ధ జరిగిందంతా చెబితే కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వాడు. తరవాత తన సంగతి చెప్పాడు. ఆయనా రాజుల కథలే రాసేవాడట. ఎవరూ తీయకపోతే తనే నిర్మాతై తీశాడు. రెండో ఆటకు వాళ్లమ్మ కూడా రాలేదట. ఆ అవమానాన్నే నవ్వొచ్చేలా రాసి తీస్తే జనం విరగబడ్డారు.
“రాజులను వదిలెయ్యి. రాజీనామా ఇచ్చినవాడి కథ రాయి. నేను తీస్తాను” అన్నాడు. అంటే నిజంగా తీస్తాననేనా అని స్నిగ్ధతో రెండుసార్లు అడిగించాను. తీస్తాడట! ఇన్నాళ్లూ శౌర్యం కోసం వెతికాను. నాలో సరుకంతా వెర్రితనమేనని చెప్పడానికి జపాన్ నుంచి మనిషి రావాల్సి వచ్చింది.
నీ తమ్ముడు, రచయిత, హృషికేశ్
తా.క. అక్క పాత్రను ఉన్నదున్నట్టు రాశాను. “కళ్లారా చూసిన నేనే నమ్మలేకపోతున్నాను, సగానికి తగ్గించు” అన్నాడు కురిహారా. తగ్గించాను. ఇంకా ఎక్కువే ఉన్నావు.