మూడు ఫ్రిజ్‌ల ఇల్లు

జూన్ 9
మా పెద్దమ్మాయికి నర్సింగ్‌లో సీటొచ్చింది, మా తెగ కోటాలో. ఆగస్టు పదికల్లా తెగ సర్టిఫికెట్ ఇవ్వకపోతే సీటు ఇంకొకరికి ఇచ్చేస్తారట. మా నాన్నకు ఉంది, నాకు ఉంది, దీనికెందుకు రాదు? అప్లై చేసేశాను. ఇంట్లో ఎవరి కాలూ నేల మీద నిలవడం లేదు.

జూన్ 24
ఎంక్వైరీ ఆఫీసర్ వచ్చాడు. ముందు గదిలో మూడు ఫ్రిజ్‌లు చూసి ఆగిపోయాడు. ఒకటి పళ్ళ డాక్టరుగారిది, కంప్రెసర్ పోయింది. ఇంకొకటి టైలరమ్మది, గ్యాస్ లీకు. మూడోదే మాది, అదీ పాత సామాన్లతో నేను బిగించుకున్నది. ఫ్రిజ్ మెకానిక్‌నండీ, రిపేరుకొచ్చినవి అని చెప్పాను. తలూపాడు. ఎండకు వాడిపోయి ఉన్నాడు పాపం, చల్లటి నీళ్ళు రెండు గ్లాసులు తాగి వెళ్ళాడు.

జూలై 5
రిజెక్టెడ్. ఇంట్లో మూడు ఫ్రిజ్‌లు ఉన్నందున వీరి జీవన విధానం సదరు తెగది కాదట.
ఓరి నాయనా, నువ్వు తాగిన నీళ్ళు ఆ ఫ్రిజ్‌లోవే కదయ్యా!

జూలై 7
అప్పీలు పెట్టాను. పదహారున మళ్ళీ ఎంక్వైరీ. ఆయనే వస్తాడట.
ఇల్లు ఖాళీ చేసేద్దాం బావా, పీడా పోతుంది అన్నాడు నా బావమరిది. మనమేం దొంగతనం చేశామని దాచుకోవాలి అని నా భార్య వాడి మీద లేచింది. ఖాళీ చేయాల్సిందేనని నేనే పట్టుబట్టాను.

జూలై 16, ఉదయం
ఫ్రిజ్‌లు, టీవీ, మంచాలు, కూలర్, ఆఖరికి గోడ గడియారం కూడా బావమరిది ట్రాలీలో ఎక్కాయి. పిల్ల పుస్తకాలు కూడా పంపించమన్నాడు మహానుభావుడు. అది మాత్రం ఒప్పుకోలేదు. ఖాళీ గదిలో చాప మీద కూర్చుని పెద్దది చదువుకుంటుంటే చూడలేకపోయాను. సిగ్గేసింది.

జూలై 16, సాయంత్రం
వచ్చాడు. చూశాడు. రాసుకున్నాడు. ఈసారి నీళ్ళు అడగలేదు.

జూలై 25
మళ్ళీ రిజెక్టెడ్. ఇంట్లో సామాను లేనందున దరఖాస్తుదారులు ఈ చిరునామాలో నివసించడం లేదట.
ముందు నుయ్యి, వెనుక గొయ్యి. నా భార్య ఆ కాగితం మడిచి నా జేబులో పెట్టి వంటింట్లోకి వెళ్ళిపోయింది. నాలుగు తిట్టినా బాగుండేది. సామాను తిరిగి దింపి వెళ్ళిన బావమరిది ఇప్పుడు ఫోన్ ఎత్తడం లేదు.

జూలై 28
కోర్టుకెళ్ళడం తప్పలేదు. రెండు రిపోర్టులూ చదివి లాయరమ్మ పకపకా నవ్వేసింది. వెంటనే సారీ అండీ అంది. ఇవి పక్కపక్కన పెడితే చాలు, నేను పెద్దగా వాదించక్కర్లేదంది. కానీ సామాను తరలించిన సంగతి దాచొద్దు, అఫిడవిట్‌లో రాసేద్దాం అంది. సంతకం పెట్టేశాను. నా తెలివితక్కువ పనికి పిల్ల సీటు పోతే దాని మొహం ఎలా చూడను?

ఆగస్టు 4
వాయిదా.

ఆగస్టు 7
జడ్జిగారు అన్నీ చదివారు. ఎన్ని ఫ్రిజ్‌లుంటే తెగవాళ్ళని ఒప్పుకుంటారో మీరే చెప్పండి అని ప్రభుత్వ లాయరును అడిగారు. హాలంతా నవ్వింది. నాకు నవ్వు రాలేదు. తాతకూ తండ్రికీ ఉన్నదాన్ని పిల్లకు కాదనడానికి ఇందులో కారణమేమీ లేదు, గడువు లోపల ఇచ్చెయ్యండి అన్నారు. బయటికొచ్చాక పెద్దది నా చొక్కా పట్టుకుని ఏడ్చేసింది. నేనూ ఏడ్చాను, దాచుకోవడం దేనికి.

ఆగస్టు 10
కౌంటర్ మూసేముందు సర్టిఫికెట్ చేతికిచ్చారు. అక్కణ్ణుంచి కాలేజీకి ఒకటే పరుగు. చేరింది. తల ప్రాణం తోకకొచ్చింది. ఇంటికొచ్చి చెప్పులతోనే పడుకున్నాను.

ఆగస్టు 19
హాస్టల్లో చేరడానికి చిన్నదానికీ సర్టిఫికెట్ కావాలట. అక్కది చూపించాను. కోర్టు ఆర్డరు చూపించాను. ఆ ఆర్డరు పెద్దమ్మాయికేనండీ, ఈ పాపకు వేరే ఎంక్వైరీ పడాలి అన్నాడు క్లర్కు. మంచివాడే, కుర్చీ వేసి మరీ చెప్పాడు.

ఆగస్టు 21
ఎంక్వైరీ మంగళవారం. ఈసారి ఎన్ని ఫ్రిజ్‌లు ఉంచుదామని నా భార్య అడిగింది. నవ్వుతుందేమోనని మొహం చూశాను. నవ్వడం లేదు.
ఆలోచిస్తున్నాను.