జేవర్ పిన్ని మొక్కు

డాండెనాంగ్, ఆస్ట్రేలియా,
మే 9

జేవర్ పిన్నికి ఖాదిమ్ సలాములు. మీరూ, ఈ ఉత్తరం చదివి వినిపిస్తున్న మీ మనవరాలు షకీలా క్షేమమని నమ్ముతాను. మీ అబ్బాయి ఏవాజ్ నా దగ్గరే క్షేమంగా ఉన్నాడు. శరణు కోరి వాడు పెట్టుకున్న అర్జీకి జవాబు మాత్రం ఇంకా రాలేదు.

ఇక్కడ చలి మొదలైంది. దుప్పటి కొనుక్కోరా అంటే మీవాడు వింటేగా! రేపో మాపో జవాబు వస్తే ఇల్లు మారాలి, మోత దండగ అంటాడు. అలా అంటూనే రెండు చలికాలాలు నా దుప్పట్లో గడిపేశాడు, గురక అదనం. మా ఇద్దరి పెళ్ళికి తనను పిలవలేదేమని మాతో ఉండే ముసలాయన జుమాఖాన్ ఎగతాళి.

పని చేసుకునే అనుమతి లేదు కదా, టీ తాగుతూ వకీలు ఫోన్ కోసం కూర్చోవడమే మా పని. స్నానానికి వెళ్తే ఏవాజ్ ఫోన్ నా చేతికిస్తాడు, మోగితే తలుపు బాదమంటాడు.

పిన్నీ, షకీలా అంతా రాసింది. ఆలస్యం చేస్తే చూపు దక్కదని డాక్టరు చెప్పినా, కొడుక్కి ఇక్కడ ఉండమనే కాగితం వచ్చేదాకా కంటి ఆపరేషన్ వద్దని మొక్కుకున్నారట. ఇదేం మొండితనం? ఒంటికి చేటు చేసే మొక్కు చెల్లదని ఇక్కడి మౌల్వీగారు తేల్చి చెప్పారు. పాపమేదైనా ఉంటే నా నెత్తిన వేయండి. మీ పేరు తలుచుకుంటేనే నాకు ముద్ద దిగడం లేదు. ఈ వారమే ఆసుపత్రికి వెళ్ళండి.

మీ చేతి రొట్టె తిని పెరిగిన
ఖాదిమ్

తా.క.: షకీలా, ఈ ముక్క కూడా చదువమ్మా, మింగెయ్యకు.

పిన్నీ, పైన అబద్ధం రాశాను. ఏవాజ్‌కు పోయిన నెలే జవాబు వచ్చింది, కాదన్నారు. అప్పీలు వేశాడు, అది ఏళ్ళు పడుతుందట. "అమ్మకి ఇంకా రాలేదనే రాయరా" అని నాచేత ఒట్టు వేయించుకున్నాడు.

ఆ వారమే నాకూ వచ్చింది. ఉండమన్నారు. ఒకే ఊరు, ఒకే పడవ, ఒకే భయం. వాడికి లేనిది నాకెలా వచ్చిందో నాకే తెలియదు. కాగితం వచ్చినవాడు షోలా అన్నం వండి ఇంటింటికీ పంచాలి కదా, నేను పొయ్యి వెలిగించలేదు. వాడికే చెప్పలేదు. "నీకైనా వస్తుందిలేరా" అని నాకే రోజూ ధైర్యం చెబుతున్నాడు, సిగ్గుతో చచ్చిపోతున్నాను.

వాడి ఒట్టు నేను తప్పాను. మీ మొక్కు మీరు తప్పండి.