వాకిట్లో బీన్స్ కాశాయి

అత్తా,

నువ్వు పోయి రేపటికి ఏడాది. రాయచెర్లులో మన చేను సోలార్ ప్యానెళ్ల కిందికి పోయినప్పటి నుంచి మామ మట్టి ముట్టలేదు. నువ్వు పోయాక మాటలూ తగ్గించాడు. అందుకే వాకిట్లో నాలుగడుగుల మడి కట్టి, పురికొసతో అడుగుకొక గడి చేసి, తీగ పారని బీన్స్ గింజలు పెట్టాను.

రోజూ అరుగు మీద నుంచి చూసేవాడు. ఇవాళ పొద్దున తానే లేచి వచ్చాడు.

"ఇంత చోట్లో ఇన్ని కాసినాయేమ్మా! ముదిరితే నారొస్తాది, ఇప్పుడే కోయాల."

కోశాడు. దోసిలి నిండగానే, చేలో అలసందలు నీ కొంగులో పోసినట్టే, చూడకుండా పక్కకు చాచాడు. అక్కడ ఎవరూ లేరు. నేను వెళ్లి కొంగు పట్టాను.

"మీ అత్త ఉండాదనుకుంటినమ్మా" అన్నాడు.

దోసిలి వంచడానికి చాలాసేపు పట్టింది.