గడప దగ్గర పిలవని పేరు

శాన్ ఇసిద్రో
ఆదివారం, 1998 ఏప్రిల్ 19. ఎండ. విత్తే ముందు చేలు తగలబెడుతున్నారు కాబట్టి మధ్యాహ్నం దాకా పొగ. పొద్దున తేనెదుంగల మీద, మన తేనెటీగల ఇళ్ళ మీద, పాత తాటాకు తీసి కొత్తది కప్పాను.

హసింతాకి,

నీ సెవెరో రాస్తున్నాడు. ఇక్కడ నేనూ, మీ కసిమీరా అక్కా, టర్కీ కోళ్ళూ, తేనెటీగలూ కులాసా. మెరిదాలో నువ్వూ, మన నొయెమీ, అల్లుడు రుబెన్, పసివాడూ చల్లగా ఉన్నారని తలుస్తాను. ఈ కాగితం నొయెమీ చేత చదివించుకోకు. నిదానంగా అయినా నువ్వే కూడబలుక్కుని చదువు. తొందరేమీ లేదు.

ఫోను ఎందుకు చేయడం లేదని అడిగావు. కొట్లో ఫోను సంగతి నీకు తెలియనిదా? "సెవెరో కౌయిచ్, మెరిదా నుంచి నీ పెళ్ళాం!" అని మైకులో ఊరంతా వినేలా అరుస్తారు. నేను వెళ్ళేసరికి బల్ల మీద ఆరుగురు కూర్చుని, మొక్కజొన్న ధర మాట్లాడుకుంటున్నట్టు నటిస్తూ నా వైపే చెవులు పెడతారు. పోయినసారి నువ్వు "ఎలా ఉన్నావు?" అంటే నేను "వాన లేదు" అన్నాను. వాన లేని మాట నిజమే. నువ్వు అడిగింది అది కాదని ఇంటికి వచ్చాక తట్టింది.

అందుకని నువ్వు అడిగినవన్నీ వరసగా రాస్తాను. వల ఉయ్యాల అంచు తెగిన చోట ముడి వేశాను. నీ ముడిలా లేదు, వీపుకి గుచ్చుకుంటోంది. నల్ల టర్కీ పెట్ట పొదిగింది, పిల్లలు దిగాయి. తిండి బాగానే తింటున్నాను, మధ్యాహ్నాలు మీ అక్క పెడుతోంది. కడుపులో మంట తగ్గింది, అబనేరో మిరపకాయ మాత్రం మానలేదు, అబద్ధం చెప్పను.

"ఇంట్లో ఏదో మర్చిపోయి వచ్చినట్టుంది, నిద్ర పట్టడం లేదు, పెట్టె అడుగునా తలుపు వెనకా వెతికి చూడు" అని రాశావు. వెతికాను. పెట్టెలో పూలు కుట్టిన తెల్ల బట్ట ఉంది. తలుపు వెనక గొడుగు ఉంది. ఇవి నీకు నిద్ర పట్టనివ్వనివి కావు. దీని గురించి ఇంకా రాయాల్సింది ఉంది.

అన్నిటికన్నా కింద, చిన్నగా ఒక ప్రశ్న రాశావు. "నొయెమీ నన్ను ఇక్కడే ఉండిపొమ్మంటోంది. నువ్వేమంటావు?" అని. పురుటికి సాయంగా వెళ్ళినదానివి. ఆ పసివాడు ఇప్పుడు పాకుతున్నాడు. అమ్మమ్మ కనపడకపోతే ఏడుస్తున్నాడని కూడా రాశావు. జవాబు చెబుతాను. ముందు శుక్రవారం జరిగింది చెప్పాలి, లేకపోతే నా జవాబు నీకు అర్థం కాదు.

శుక్రవారం వయదోలిద్ నుంచి వ్యాను నిండా ఊరు చూడవచ్చిన మనుషులు. వాళ్ళలో ఇద్దరు జర్మనీ అమ్మాయిలు, గ్వాదలహారా నుంచి వచ్చిన ఒక ముసలి జంట. ఆవిడ పేరు ఒఫేలియా, ఆయన రామిరో. వ్యాను ఎక్కిన దగ్గర్నుంచీ ఒకటే దెప్పుళ్ళు. ఆయన ఆవిణ్ణి పిలిచేది "ఇదిగో", లేకపోతే "వినపడిందా". పేరు పెట్టి పిలవగా నేను వినలేదు.

పొద్దున మన పాతకాలపు పెద్దలు కట్టిన రాళ్ళగుళ్ళు చూపించాను. రోజూ చెప్పేవే చెప్పాను. ఈ నేల మీద ఏరు లేదు, వాగు లేదు, నీళ్ళన్నీ రాతి కింద దాక్కున్నాయి, రాజులు ఎంత ఎత్తు కట్టినా దప్పికకి రాతి కింది గుయ్యారంలోకి దిగాల్సిందే అని. పరాయివాళ్ళతో పగలంతా మాట్లాడటం నా కూలి పని. ఆ మాటలు నోటికి వచ్చేశాయి కాబట్టి మాట్లాడుతున్నట్టు ఉండదు. ఒఫేలియా గారు పెద్ద గుడి మెట్లు చేతులు ఆనించి చకచకా ఎక్కేసింది. కింద నీడలో కూర్చున్న ఆయన నాతో అన్నాడు, "చూశావా? మోకాళ్ళ నొప్పులు మా ఇంటి మెట్లకే. దేవుడి మెట్లకి లేవు!"

ఆవిడ పైనుంచి వినేసింది. "ఇక్కడ పైన ఎవరూ కాఫీ అడగరు. అందుకే నొప్పి లేదు!" అని అరిచింది.

తర్వాత మన సెనోటెకి, ఆ నీళ్ళ గుయ్యారానికి, తీసుకువచ్చాను. ఈ వేడికి చుట్టుపక్కల చెట్లన్నీ ఆకు రాల్చాయి గాని గుయ్యారం పైన మర్రి జాతి మాను పచ్చగానే ఉంది. వేళ్ళు కప్పు కన్నంలోంచి నీళ్ళ దాకా వేలాడుతున్నాయి. చిన్నప్పుడు నువ్వు వాటిని పట్టుకుని జారేదానివని మీ అక్క ఇప్పటికీ అందరికీ చెబుతుంది. రాతి గోడలో నీలి తోహ్ పిట్టలు గూళ్ళు పెట్టాయి. నేను ఎప్పటిలాగే దిగలేదు. గట్టు మీద తాడు పట్టుకుని నిలబడ్డాను. రామిరో గారు నా పక్కన తువ్వాళ్ళకు కాపలా కూర్చున్నాడు. ఒఫేలియా గారు మాత్రం వెల్లకిలా తేలుతూ, పైనుంచి పడే ఎండని ముఖం మీద పట్టుకుంటూ గంటసేపు ఉంది.

బయలుదేరే వేళయింది. మన అలవాటు ప్రకారం నీళ్ళలో దిగిన ఒక్కొక్కరినీ పేరు పెట్టి పిలిచాను. జర్మనీ అమ్మాయిలు నేను పొద్దున నేర్పినట్టే "వస్తున్నా" అని నవ్వుతూ మెట్లెక్కారు. ఒఫేలియా గారి వంతు వచ్చేసరికి ఆవిడ నీళ్ళలోంచే అడిగింది, "ఇదేంటి బాబూ, బడిలో హాజరు పట్టీ లాగా?"

భోజనానికి పిలవడానికి మీ అక్క సగం మెట్లు దిగి వచ్చి ఉంది. నేను నోరు తెరవకముందే తనే అందుకుంది.

"హాజరు కాదమ్మా! నీళ్ళలో ఆడినవాళ్ళ ప్రాణం పిసరంత ఇక్కడే ఆడుకుంటూ ఉండిపోతుంది. పేరు పెట్టి పిలవాలి. లేకపోతే ఒళ్ళు ఒక్కటే ఇంటికి పోతుంది. ఆ తర్వాత తిండి సయించదు, నిద్ర పట్టదు. నీళ్ళ దగ్గరే కాదు, ఇల్లు విడిచి వెళ్ళేవాళ్ళని గడప దగ్గర పిలిచేదీ అందుకే."

"ఎవరు పిలవాలి?"

"ఎవరైనా పిలవచ్చు. మన అనుకున్నవాళ్ళు పిలిస్తే తొందరగా వస్తుంది."

ఒఫేలియా గారు చేతులతో నీళ్ళు తోస్తూ కాస్త వెనక్కి వెళ్ళింది. "అయితే నువ్వు పిలవకు బాబూ. ఆయన పిలవాలి."

"చాల్లే తమాషా, బయటికి రా. జలుబు చేస్తుంది," అన్నాడాయన.

"ఎవరు రావాలి?"

"నువ్వే!"

"నువ్వు అంటే ఎవరు? మన కుక్కకి కూడా పేరుంది. రోజుకి పదిసార్లు పిలుస్తావు."

జర్మనీ అమ్మాయిలకు మాట అర్థం కాకపోయినా విషయం అర్థమైనట్టుంది, మెట్ల మీదే కూర్చుండిపోయారు. ముసలాయన చెవులు ఎర్రబడ్డాయి. "ఏమయ్యా, నువ్వే పిలిచెయ్యరాదూ," అని నా చొక్కా లాగాడు. నేను తల అడ్డంగా ఊపాను.

"పిలవండి అయ్యా," అంది మీ అక్క. "అక్కడ నిప్పుల గుంటలో నా కోడి ఎండిపోతోంది."

ఆయన గొంతు సవరించుకున్నాడు. తువ్వాలు మడత విప్పాడు, మళ్ళీ మడిచాడు. ఆ తర్వాత దగ్గినట్టుగా "ఒఫేలియా" అన్నాడు. అంత చిన్నగా అన్నదాన్ని కూడా ఆ రాతి గోడలు పట్టుకుని చుట్టూ తిప్పాయి. ఆవిడ నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు. నీళ్ళు గడ్డం దాకా ఉన్నాయి, అలాగే ఆయన్నే చూస్తూ ఉండిపోయింది. ఎవరూ అడగకుండానే ఆయన లేచి నిలబడి, ఈసారి గట్టిగా, "ఒఫేలియా! పద, ఇంటికి వెళ్దాం," అన్నాడు.

"వస్తున్నా," అందావిడ.

భోజనాల దగ్గర వాళ్ళు దెప్పుకోలేదు. అరిటాకులో కాల్చిన కోడికి ఎముకలు తీసి ఆయన ఆవిడ ఆకులో పెట్టాడు. నేను ఆ పక్కనే మంచినీళ్ళు పోస్తుంటే మీ అక్క నా దగ్గరికి వచ్చి నెమ్మదిగా అడిగింది, "మరిదీ, మా చెల్లెలికి నిద్ర పట్టడం లేదట కదా. వెళ్ళిన రోజు గడప దగ్గర పిలిచావా, లేదా?"

"వ్యాను వేడెక్కినట్టుంది వదినా, చూసొస్తాను," అన్నాను.

"ఆ, చూడు చూడు. పాపం వ్యానుకి కూడా జ్వరం వచ్చినట్టుంది," అంది. నేను వెళ్ళి వ్యాను ముందు మూత ఎత్తి, దాని వెనక నిలబడ్డాను.

పిలవలేదు హసింతా. మర్చిపోయి కాదు. ఆ తెల్లవారుజామున నువ్వు మూట పట్టుకుని గడప దాటి నిలబడ్డావు. ఒకసారి వెనక్కి చూశావు. దేనికోసం ఆగావో నాకు తెలుసు. నేను వంగి మూట తాడు బిగించాను. అది గట్టిగానే ఉంది. నీ ప్రాణం పిసరంతయినా ఈ ఇంట్లో ఉండిపోవాలని నాకు అనిపించింది. ఉండు అని అడగడం నాకు రాదు కాబట్టి, అడగకుండా ఉంచుకున్నాను.

ఉండిపోయింది కూడా. పొయ్యి దగ్గర పీట జరిగినట్టు అనిపించేది. సాయంత్రం టర్కీలు ఖాళీ వాకిట్లోకి మెడలు చాచి, గింజలు వేసేవాళ్ళు వచ్చినట్టు అరిచేవి. నేను ఉయ్యాలలో ఒక పక్కకే పడుకునేవాణ్ణి. ఆ కాస్తతోనే ఇన్ని నెలలు కాపురం చేశాను. అక్కడ నువ్వు దాని కోసం వెతుక్కుంటున్నావని నీ ఉత్తరం వచ్చేదాకా తెలియదు. వచ్చాక కూడా పెట్టె వెతికానే గాని నోరు తెరవలేదు.

శుక్రవారం పొద్దుగూకే వేళకి ఇంటికి వచ్చాను. కాళ్ళు కడుక్కుని, తలుపు బార్లా తీసి, మెరిదా దారి వైపు తిరిగి గడప మీద నిలబడ్డాను. "హసింతా! పద. ఇక్కడ ఏమీ మిగల్చకు. నీ కూతురి దగ్గరికి వెళ్ళు," అని పిలిచాను. మొదటిసారి చిన్నగా అన్నాను. రెండోసారి గట్టిగా. ఎదురింటి నికనోర్ వాళ్ళమ్మ కంచె మీదనుంచి తొంగి చూసి, "ఊళ్ళో లేని పెళ్ళాన్ని పొమ్మంటున్నావేంట్రా!" అంది. చెప్పడం కుదరక చెయ్యి ఊపాను.

అప్పటినుంచి పీట జరగడం లేదు. టర్కీలు అరవడం లేదు. ఉయ్యాలలో మధ్యకి పడుకోవచ్చు, కానీ పడుకోలేకపోతున్నాను. శుక్రవారం నుంచి నీకు నిద్ర పడుతూ ఉండాలి. పట్టిందా? అది ఒక్కటీ ముందు రాయి.

ఇక నీ ప్రశ్న. పెళ్ళయినప్పటినుంచీ నువ్వేం అడిగినా "నీ ఇష్టం" అన్నాను. అది నీకు ఇచ్చే మర్యాద అనుకున్నాను. రామిరో గారి పక్కన నిలబడి చూశాక, ఆ మాట చెప్పినప్పుడల్లా నిన్ను నీళ్ళలోనే వదిలేశానేమో అనిపించింది. ఈసారి ఆ మాట రాయను. నాకు నువ్వు కావాలి. ఇంటికి రావాలని ఉంది. వంటకో, తేనెదుంగలకో కాదు, అవి నేను చూసుకుంటాను. నువ్వు ఎదురుగా కూర్చుని ఉంటే చాలు, మాట్లాడకపోయినా సరే. ఇన్నాళ్ళూ నీలో కొంత నా దగ్గర దాచుకుని ఉండగా ఈ మాట అనడం న్యాయం కాదు. ఇప్పుడు నువ్వు మొత్తం అక్కడే ఉన్నావు. పసివాడి ఏడుపూ విను, నా మాటా విను. అక్కడే బాగుందని నీకనిపిస్తే అదే రాయి, నేను శనివారాలు బస్సెక్కి వచ్చి చూసి వెళ్తాను. వస్తానంటే మాత్రం ఒంటరిగా బయలుదేరకు. ఏ రోజో చెప్పు. నేనే వచ్చి నొయెమీ ఇంటి గడప దగ్గర, అల్లుడు వింటున్నా సరే, నిన్ను పేరు పెట్టి పిలుస్తాను.

నికనోర్ తేనె డబ్బాలు లారీలో ఎక్కించేశాడు. మెరిదాకి వెళ్తున్నాడు, ఈ కాగితం వాడి చేతికే ఇస్తున్నాను. హారన్ కొడుతున్నాడు, "ఏం సెవెరో, నవల రాస్తున్నావా!" అని అరుస్తున్నాడు. సాయంత్రం పనులు ఇంకా రాయలేదు. కంచె పక్కన మిరప నారుకి నీళ్ళు పోయాలి, తర్వాత... ఇక ఉంటాను, వాడు ఆగేలా లేడు.

ఇట్లు,
నీ కోసం చూసే నీవాడు, నొయెమీ నాన్న,
సెవెరో